చీటీకి కుడివైపు

దుల్బావ చర్చిలో ఈస్టరు ముందు ఉపవాసాల శనివారాలన్నీ పోయినవాళ్ళవి. ఆ రోజు ఆడవాళ్ళు ఇంటికొక చీటీ రాసి తెస్తారు. చీటీకి ఎడమవైపు బతికున్నవాళ్ళ పేర్లు, కుడివైపు పోయినవాళ్ళ పేర్లు. ఇంటిపేర్లు రాయరు, దేవుడికి వాటితో పనిలేదు. ఫాదర్ అందరి చీటీలూ చదివాక, తేనె, అక్రోటు పప్పు కలిపి ఉడకబెట్టిన గోధుమలు తలా ఒక గిన్నె పంచుతారు. తిన్నవాళ్ళు "దేవుడు క్షమించుగాక" అని పైకే అనాలి. అనకపోతే ఆ తిండి పోయినవాళ్ళకు అందదు.

బొగ్గు గని నడిచిన రోజుల్లో చీటీలు బుట్టెడు వచ్చేవి. పాత ఫాదర్ వాటిని ముక్కుతో, గుక్క తిప్పుకోకుండా, రేకుల మీద వాన పడ్డట్టు చదివేసేవాడు. ఎవరి పేరు ఎప్పుడొచ్చి ఎప్పుడు పోయిందో రాసినవాళ్ళకే తెలిసేది కాదు. ఆ రొదలో వెతూరియా ఒక పేరును ముప్పైఆరేళ్ళు దాచుకుంది.

ఇప్పుడు గని లేదు. దాని నోట్లో సిమెంటు పోసి పదహారేళ్ళయింది. కుర్రాళ్ళు ఇటలీకీ స్పెయిన్‌కూ పోయారు, ముసలాళ్ళు ఇంకా దగ్గరి చోటికి పోయారు. చర్చికి ఏడుగురు ఆడవాళ్ళు వస్తారు, ఏడు చీటీలు. పాత ఫాదర్ కూడా కుడివైపుకే చేరాడు. కొత్తాయన పక్క లోయ నుంచి డొక్కు కారేసుకుని వస్తాడు. మూడు ఊళ్ళకు ఆయనొక్కడే, ఏ ఊరి ముసలమ్మ పేరేమిటో ఆయనకు గుర్తుండదు. ఆ సంగతి ఆయనకూ తెలుసు. అందుకేనేమో పేర్లు మాత్రం తప్పు పోకుండా, ఒక్కొక్కటే విడదీసి, గోడకు మేకు దిగేసినట్టు గట్టిగా చదువుతాడు. మంచివాడే. వెతూరియాను ముంచింది ఆ మంచితనమే.

ఆ మొదటి శనివారం ఆయన ముందు ఎడమవైపులన్నీ చదివాడు. సలోమియా చీటీలో ఎప్పటిలాగే "పాంఫిల్" అని వచ్చింది. తర్వాత కుడివైపులు మొదలుపెట్టాడు. వెతూరియా చీటీ విప్పి, "సావేతా. నికోదిం. లియోంటిన్. పాంఫిల్" అన్నాడు.

వెతూరియా చేతిలో కొవ్వొత్తి ఒరిగి మైనం వేళ్ళ మీద పడింది. రెండు వరసల ముందు సలోమియా తల మెల్లగా వెనక్కి తిరిగింది. దుల్బావ పుట్టి బుద్ధెరిగాక ఆ పేరు పెట్టుకున్న మగాడు ఒక్కడే. వాడు సలోమియా మొగుడు.

ఆ ఇద్దరూ ఒకే బ్లాకులో, ఒకే మెట్లదారిలో ఉంటారు. పదహారు ఇళ్ళకు రెండిళ్ళలోనే మనుషులున్నారు, పైన వెతూరియా, కింద సలోమియా. మిగతా కిటికీలకు అట్టలు కొట్టేసి ఉంటాయి. ఈ రెండిళ్ళ కిటికీల్లోంచి మాత్రం పొయ్యి గొట్టాలు బయటికొచ్చి పొగ కక్కుతూ ఉంటాయి. చర్చి నుంచి కిందికి దిగే వాలు మార్చి దాకా గడ్డకట్టే ఉంటుంది కాబట్టి ఇద్దరూ ఒకరి చేయి ఒకరు పట్టుకుని దిగడం అలవాటు. ఆ రోజూ అలాగే దిగారు. సగం వాలు దిగాక సలోమియా అడిగింది.

"అక్కా, నీ చీటీలో పాంఫిల్ ఎవరు?"

"మా అమ్మ మేనమామ."

"మీ అమ్మ మేనమామ పేరు అరోన్. గుర్రం తంతే పోయాడు. నలభై ఏళ్ళ నుంచీ ఒకే మెట్లు ఎక్కుతున్నాం, మీ చుట్టాల్లో నాకు తెలియని పీనుగెవరు?"

"ఇంకో మేనమామ."

సలోమియా పట్టుకున్న చేయి వదల్లేదు. అడగడం మాత్రం ఆపేసింది. గుమ్మం దగ్గర, "మా ఆయన బతికే ఉన్నాడక్కా. బతికున్నోడి పేరు ఆ వైపు రాస్తే ఏమవుతుందో నీకు తెలుసుగా, వాడు ఎండిపోయి చస్తాడు. ఎవరికోసం రాశావో గానీ, ఆ మేనమామ పేరు మార్చు" అని తలుపేసుకుంది.

పంతొమ్మిదివందల ఎనభైఆరు నవంబరు నుంచి సలోమియా మొగుడి కోసం ఎదురుచూస్తోంది. ఆ నెలలో ఒక రోజు పాంఫిల్ మొదటి షిఫ్టు చేసి, గని నుంచి పైకొచ్చి, ఇంటికి రాలేదు. మూడో రోజు మిలీషియా పోలీసులు వచ్చి ఇల్లంతా గుల్ల చేశారు. డాన్యూబ్ నది ఈది యుగోస్లావియాలోకి పారిపోయినవాళ్ళ జాబితాలో పాంఫిల్‌ను కలిపేసి, దేశద్రోహి పెళ్ళానికి ఏయే మాటలు పడతాయో అన్నీ సలోమియాను అన్నారు. ఆ మాటల్లో ఆవిడకు ఒక్కటే చెవికెక్కింది: పారిపోయాడు. పారిపోయాడంటే బతికే ఉన్నాడు. ఇక ఆ మాటను పట్టుకుని వేలాడుతూ వచ్చింది. కమ్యూనిస్టు ప్రభుత్వం కూలిపోయి సరిహద్దులు తెరుచుకున్నాక రోజూ మధ్యాహ్నం బస్సు దగ్గరికి వెళ్ళి నిలబడేది. బస్సు మానేశాక టీవీలో వియన్నా వీధులు చూపించినప్పుడల్లా దగ్గరికి జరిగి కూర్చునేది.

"అక్కడే ఎక్కడో ఉంటాడు ఆ దొంగ సచ్చినోడు. ఆస్ట్రియాదాన్ని ఎవత్తెనో కట్టుకుని, పొట్ట పెంచుకుని. ఉండనీ. దాన్నే వండిపెట్టనీ. నాకు సంకటి కలిపే బాధ తప్పింది" అనేది. అంటూనే వాడి ఆదివారం బూట్లు పాలిష్ పట్టేది. ఆ బూట్లు ముప్పైఆరేళ్ళుగా తలుపు పక్కనే ఉన్నాయి.

ఆ పారిపోవడం అబద్ధమని ఊళ్ళో ఒక్క వెతూరియాకే తెలుసు.

వెతూరియా గని దీపాల గదిలో ఇరవైరెండేళ్ళు పనిచేసింది. కిందికి దిగేవాడు కిటికీలోంచి తన ఇత్తడి బిళ్ళ ఇస్తాడు. ఆమె దాన్ని బోర్డు మీద అదే నంబరు మేకుకు తగిలించి, అదే నంబరు దీపం చేతికిస్తుంది. పైకొచ్చాక దీపం ఇచ్చి బిళ్ళ తీసుకుపోతాడు. బోర్డు మీద బిళ్ళ ఉంటే మనిషి కింద ఉన్నట్టు, లేకపోతే లేనట్టు. ఎలుకలకు తప్ప అందరికీ అదే లెక్క.

దుల్బావ మగాళ్ళు ఆ లెక్కకూ ఒక దొంగదారి వెతికారు. ఒకడు తాగి పడిపోయినా, ఇంట్లో ఆవు ఈనినా, స్నేహితుడు వాడి బిళ్ళతో వాడి షిఫ్టు చేసిపెట్టేవాడు. రేపు వాడు వీడికి చేసేవాడు. నెలకు మూడు నాగాలు పడితే పని ఊడుతుంది మరి. దీపాల గది ఆడవాళ్ళు చూసీ చూడనట్టు ఊరుకునేవాళ్ళు. వాళ్ళ మొగుళ్ళూ అదే గనిలో పనిచేసేవాళ్ళు కదా. తప్పని అందరికీ తెలుసు, తప్పుగా ఎవరికీ అనిపించేది కాదు.

ఆ రోజు మధ్యాహ్నం రెండింటికి పాంఫిల్ తన దీపం ఇచ్చి, తన బిళ్ళ జేబులో వేసుకుని, జేబులోంచే ఇంకో బిళ్ళ తీసి కిటికీలో పెట్టాడు. మూడు వందల పద్నాలుగు. వెతూరియా మొగుడు లియోంటిన్ బిళ్ళ అది.

"వదినా, మీ ఆయన జ్ఞానస్నానం విందులో తాగొచ్చి గేటు దగ్గర బాతు నడక నడుస్తున్నాడు. జ్ఞానస్నానం పిల్లాడికి చేయించారో ఈయనకు చేయించారో! వెనక్కి తోలేశాను. పంపు దగ్గర పనేగా, నేను చూస్తాలే. ఆదివారం వచ్చి మా కట్టెలు కొట్టమను."

"ఇప్పుడేగా ఒక షిఫ్టు చేసొచ్చావ్. సలోమియాకి చెప్పావా?"

"ఇప్పుడు చెప్తే సంకటి చల్లారిందని తిడుతుంది. పొయ్యొచ్చాక ఎలాగూ తిడుతుంది. రెండుసార్లెందుకు?"

వెతూరియా నవ్వి, లియోంటిన్ కోసం కట్టిన రొట్టె, ఉల్లిపాయ, పంది కొవ్వు ముక్క కూడా ఇచ్చి పంపింది.

నాలుగున్నరకు కింది గ్యాలరీ సొరంగంలో మంటలు లేచాయి. సైరన్ మోగింది, ఊరంతా గేటు మీద పడింది. లెక్క కోసం అందరూ బోర్డు చూస్తున్నారు. దీపాల గది కిటికీలోంచి వెతూరియాకు గుంపులో లియోంటిన్ కనిపించాడు. చొక్కా గుండీలు ఊడి, తల చెదిరి, మత్తు సగం దిగిన మొహంతో నిలబడి ఉన్నాడు. బతికి ఉన్నాడు! ఆమె ప్రాణం లేచివచ్చింది. ఆ వెంటనే భయం పట్టుకుంది. బోర్డు ప్రకారం లియోంటిన్ కింద ఉన్నాడు, కళ్ళెదుట చూస్తే పైన ఉన్నాడు. ఎవరైనా చూస్తే బిళ్ళ మార్చినందుకు, మంట వెనక విద్రోహం వెతికే రోజుల్లో, జైలు ఖాయం. ఇద్దరికీ. చెయ్యి దానంతటదే వెళ్ళి మూడు వందల పద్నాలుగును మేకు నుంచి తీసి గౌను జేబులో వేసింది.

పాంఫిల్ గుర్తొచ్చింది ఆ తర్వాత. ఇది చెప్పకపోతే వెతూరియా మీద జాలి చూపినవాడినవుతాను, ఆమె కూడా తన మీద ఆ జాలి ఎప్పుడూ చూపుకోలేదు. తర్వాతే గుర్తొచ్చాడు.

ఆరింటికి షిఫ్టు ఇంజనీరు మసి మొహంతో వచ్చాడు. ముగ్గురి శవాలు పైకి తెచ్చారు, నలుగురు నడిచి వచ్చారు, బోర్డు మీది బిళ్ళలన్నింటికీ మనుషులు దొరికారు. మంట పై గ్యాలరీలకు పాకకుండా గోడ కట్టి గాలి ఆపేయాలి. కట్టే ముందు ఒక్క మాట అడగడం నియమం.

"బోర్డు ఖాళీయేనా, వెతూరియా?"

"ఖాళీయే" అంది వెతూరియా.

తెల్లారేసరికి గోడ పూర్తయింది.

లియోంటిన్ ఏమీ అడగలేదు. ఏమీ చెప్పలేదు. ఎనిమిదేళ్ళు తాగి, కాలేయం కుళ్ళి పోయాడు. ఆ ఎనిమిదేళ్ళలో ప్రతి ఆదివారం సలోమియాకు కట్టెలు కొట్టిపెట్టాడు. "మీ ఆయన బంగారం అక్కా" అనేది సలోమియా. వెతూరియా ఆ మాటకు లోపలికి పోయి ఏదో ఒక గిన్నె తోముతూ కూర్చునేది. చెప్పాలని ఎన్నిసార్లు కిందికి దిగిందో, ఉప్పు అడిగి ఎన్నిసార్లు వెనక్కొచ్చిందో! చేతనైంది ఒక్కటే చేసింది. పాంఫిల్‌కు సమాధి లేదు, ప్రార్థన లేదు, గిన్నెడు గోధుమల్లేవు. కాబట్టి తన చీటీలో కుడివైపు చివర వాడి పేరు రాసి, తన గోధుమల్లో వాడి వాటా వండింది. ప్రతి ఏడూ, ప్రతి శనివారం. పక్క చీటీలో వాడి పెళ్ళాం వాణ్ణి ఎడమవైపు రాస్తూనే ఉంది.

ఇప్పుడు ఆ పేరు బయటపడింది. చెబితే సలోమియాకున్న ఒక్క ఆసరా, ఆ పొట్ట పెంచుకున్న ఆస్ట్రియా పాంఫిల్, పోతాడు. తనకున్న ఒక్క మనిషి, సలోమియా కూడా పోతుంది. చెప్పకపోతే ఆ ప్రశ్న కింది ఇంట్లో కూర్చుని ఉంటుంది. మూడు రోజులు సలోమియా పైకి రాలేదు. నాలుగో రోజు మధ్యాహ్నం వెతూరియా కుట్టుపెట్టె అడుగు నుంచి బిళ్ళ తీసుకుని కిందికి దిగింది.

సలోమియా క్యాబేజీ తరుగుతోంది. వెతూరియా కూర్చోలేదు. బిళ్ళను బల్ల మీద పెట్టి, మొదటి మాట నుంచి చివరి మాట దాకా నిలబడే చెప్పింది. బాతు నడక, చల్లారిన సంకటి, అన్నీ. "ఖాళీయే" అన్న మాట సగంలో తెగింది. రెండోసారికి అంది.

సలోమియా కత్తి పక్కన పెట్టి, బిళ్ళను అటూ ఇటూ తిప్పి చూసింది.

"ఆ రోజు సంకటిలోకి పాలు కూడా కాచాను" అంది. "ఏమన్నా తిన్నాడా?"

"రొట్టె, ఉల్లిపాయ ఇచ్చాను. లియోంటిన్‌కని కట్టింది."

"కొవ్వు ముక్క?"

"అదీ ఇచ్చాను."

"వాడికి ఇష్టం అది." బిళ్ళను బల్ల మీద పెట్టింది. "గోడ కడుతుంటే లోపల్నుంచి కొట్టాడా?"

ఈ ప్రశ్న వస్తుందని వెతూరియాకు తెలుసు. పదేళ్ళ తర్వాత ఒక పెళ్ళి విందులో, ఆ గోడ కట్టిన మేస్త్రీ ప్లమ్ సారా మీద వాగిన మాట ఆమె చెవిన పడింది.

"ఏదో చప్పుడు వినిపించిందన్నారు. పైపులు వేడెక్కితే కొట్టుకుంటాయి, అవే అనుకున్నారట. బోర్డు ఖాళీ అన్నారు కదా అని."

"ఎంతసేపు?"

"నాకు తెలీదే. నా మీదొట్టు, అది మాత్రం తెలీదు."

"నేను ఆస్ట్రియాదాన్ని తిట్టాను" అంది సలోమియా. "ముప్పైఆరేళ్ళు లేనిదాన్ని పట్టుకుని తిట్టాను. రోజూ నా ఇంట్లో కూర్చుని నా టీ తాగుతూ విన్నావు నువ్వు."

"విన్నాను."

"పైకెళ్ళిపో."

వెతూరియా వెళ్ళిపోయింది. శుక్రవారం మెట్ల నిండా మాడిన తోలు వాసన పట్టింది. కిటికీ తెరిచి చూస్తే కింది పొయ్యి గొట్టంలోంచి నల్లటి పొగ వస్తోంది. బూట్లు. వెతూరియా కిటికీ మూసి పక్క మీద కూర్చుని ఏడ్చింది. లియోంటిన్ పోయినప్పుడు కూడా అంత ఏడవలేదు.

మర్నాడు శనివారం. వెతూరియా మానేద్దామనుకుంది, కానీ గోధుమలు నానబోసి ఉన్నాయి, వాటిలో పాంఫిల్ వాటా ఉంది. వండుకుని వెళ్ళి ఎప్పుడూ నిలబడే చోటే నిలబడింది. సలోమియా ముందు వరసలో నల్ల రుమాలు కట్టుకుని ఉంది. ఇన్నేళ్ళూ ఆవిడ కట్టింది గోధుమ రంగు రుమాలు. మొగుడున్న మనిషి నల్లది కట్టదు.

ఫాదర్ ఎడమవైపులు చదివాడు. సలోమియా చీటీ వచ్చింది, పోయింది. పాంఫిల్ లేడు. బతికున్నవాళ్ళలోంచి వాణ్ణి వాడి పెళ్ళాం చేత్తోనే తీయించాను అనుకుంది వెతూరియా.

తర్వాత కుడివైపులు. రఫీలమ్మది, ఇంకెవరిదో, ఇంకెవరిదో. ఆయన సలోమియా చీటీ విప్పి, తన పద్ధతిలో, ఒక్కొక్కటే చదివాడు.

"యోసిఫ్. మరీనా. పాంఫిల్." కాగితం కొంచెం దగ్గరికి తెచ్చుకున్నాడు. "వెతూరియా."

చర్చిలో ఏడుగురే. అందులో ఆరు తలలు ఆమె వైపు తిరిగాయి. ఫాదర్‌కు ఏం తెలుసు పాపం? దుల్బావలో ఎన్ని వెతూరియాలు పోయారో అనుకుని ఉంటాడు. "ఫాదర్, ఆ పేరు..." అని రఫీలమ్మ నోరు తెరిచింది. సలోమియా ఆవిడ వంక ఒక్క చూపు చూసింది. రఫీలమ్మ శిలువ గీసుకుని కిమ్మనకుండా ఊరుకుంది. ఆయన తర్వాతి చీటీ విప్పాడు. అది వెతూరియాదే. "సావేతా. నికోదిం. లియోంటిన్. పాంఫిల్."

పంచడం మొదలైంది. సలోమియా తన పెద్ద గిన్నెతో వరసగా అందరికీ పెట్టుకుంటూ వచ్చి, చివరికి వెతూరియా ముందు ఆగింది. చిన్న గిన్నె నింపి చెంచా గుచ్చి ఇచ్చింది. తేనె బాగా వేసింది, అక్రోటు పప్పు పైన వరసగా పేర్చింది. కొత్తగా పోయినవాళ్ళకు అలా పేరుస్తారు.

"తిను."

"పాంఫిల్ కోసమా?"

"ఇద్దరి కోసం."

వెతూరియా ఒక చెంచా నోట్లో పెట్టుకుని, మింగి, "దేవుడు క్షమించుగాక" అంది.

"వినపడలేదు. గట్టిగా అను."

"దేవుడు క్షమించుగాక" అంది వెతూరియా, అందరికీ వినపడేలా.

"నువ్వు వాడికి ముప్పైఆరేళ్ళు పెట్టావు" అంది సలోమియా. గొంతులో కోపం కూడా లేదు. "నాకంత ఆయుష్షు లేదక్కా. ఉన్నన్ని శనివారాలు నీకు పెడతాను. నాగా పెట్టను."

తన పెద్ద గిన్నె తీసుకుని సలోమియా పక్కకు వెళ్ళిపోయింది. వెతూరియా నిలబడిన చోటే చివరి గింజ దాకా తింది. చెంచా గిన్నెలో పెట్టి, తన గోధుమలు పంచడానికి చూస్తే, అందరూ ముందే వెళ్ళిపోయారు. చచ్చిన మనిషి చేతిది ఎవరు తింటారు?

బయట వాలంతా గడ్డకట్టి ఉంది. సలోమియా ఎవరి చేయీ పట్టుకోకుండా సగం దూరం దిగిపోయింది. ఆవిడ కిందికి చేరేదాకా వెతూరియా గుమ్మంలోనే నిలబడింది. తర్వాత నిండు గిన్నెను చంకలో ఇరికించుకుని, కంచె పట్టుకుని, ఒక్కో అడుగే దిగడం మొదలుపెట్టింది.